చుట్టానికి పీట

పరంధామయ్యగారిని ప్రశ్న అడగడం తేలిక, జవాబు రాబట్టడమే కష్టం. శిష్యులెవరైనా ఏదైనా అడిగితే ఆయన ముందు చేతిలో ఉన్న వెదురు కలాన్ని తిరగేసి, దాని వెనక కొసతో తల గోక్కునేవారు. గోక్కుంటూ షెడ్డంతా కలయజూసేవారు, జవాబుని పొద్దున్నే ఎక్కడో పెట్టి మరిచిపోయినట్టు. తర్వాత ఏదో ఒక పని చెప్పేవారు. ఆ పని అయ్యేసరికి అడిగినవాళ్ళకు జవాబు దొరకడమో, అసలు ప్రశ్నే గుర్తు లేకపోవడమో జరిగేది. రెండింటిలో ఏది జరిగినా ఆయనకు సమ్మతమే. ఆయన తెల్లటి జుట్టులో కుడిచెవి పైన ఒక నల్లపాయ ఉండేది. వయసులో ఉన్నప్పటి జుట్టు అక్కడ కాస్త మిగిలిపోయిందని ఆయన చెప్పుకునేవారు. కలం తిరగేయడం మరిచిపోయిన రోజుల ఆనవాలని శిష్యులు చెప్పుకునేవాళ్ళు.

ఆ అయ్యవారిని మునిలత ఒక సోమవారం పొద్దున అడిగింది: "అయ్యోరూ, ఒక పని అయిపోయిందని ఎట్లా తెలుస్తాది?"

ఆయన కలం తిరగేశారు గానీ తల గోక్కోలేదు. అడిగిన పిల్ల భుజాన గుడ్డసంచీ ఉంది. సంచీలోంచి ఐదు కలాల మొనలు బయటికి తొంగిచూస్తున్నాయి. కలంకారీ పనివాళ్ళు సాయంత్రం ఇంటికి పోతూ కలాలు షెడ్డులోనే వదిలిపోతారు. ఐదింటినీ సంచీలో సర్దుకున్నారంటే ఒకటే అర్థం, ఆ మనిషి ఇంక రాదు.

మునిలత ఎందుకు పోదలుచుకుందో చెప్పాలంటే ముందు పటిక సంగతి చెప్పాలి. శ్రీకాళహస్తి పనిలో ఎరుపు ఎవరు పిలిచినా నేరుగా వచ్చేది కాదు. గుడ్డను కరక్కాయా బర్రెపాలూ కలిపిన నీళ్ళలో నానబెట్టి, ఆరబెట్టి, దాని మీద నల్లగీతతో బొమ్మ రాస్తారు. ఆ బొమ్మలో ఎరుపు కావలసిన చోటల్లా కలంతో పటిక నీళ్ళు అద్దుతారు. పటిక నీళ్ళకు రంగు లేదు. తడిగా ఉన్నంతసేపు అక్కడ గుడ్డ కాస్త మెరుస్తుంది. ఆరిపోయిందా, అద్దిన చోటికీ అద్దని చోటికీ తేడా కనిపెట్టడం ఎవరి తరమూ కాదు. రెండు రోజులు అట్లా ఉంచి, పారే నీళ్ళలో ఉతికి, ఎర్రరంగునిచ్చే చిరివేరూ రంగుచెక్కా వేసి మరిగించిన గంగాళంలో ముంచినప్పుడు బయటపడుతుంది అసలు విషయం. పటిక తగిలిన చోట ఎరుపు పట్టుకుంటుంది, తగలని చోట పట్టుకోదు. అంటే, తాను పటిక అద్దిందీ లేనిదీ తెలియడానికి మనిషి మూడు రోజులు ఆగాలి. మామూలువాళ్ళకు ఇందులో కాస్త తమాషా ఉంటుంది. మునిలతకు మాత్రం, లోకంలో ఇన్ని పనులుండగా ఏరికోరి ఈ పనిలో చేర్పించిన తన జాతకమే తమాషాగా ఉండేది.

ఆమెకు ఇరవై మూడేళ్ళు. పీలేరు నుంచి వచ్చి, అద్దెగదిలో ఉంటూ, రెండేళ్ళుగా పని నేర్చుకుంటోంది. గీత అద్భుతంగా గీసేది. ఏనుగు తొండం ఒక్క ఊపులో దించితే అయ్యవారు తన పని ఆపి మరీ చూసేవారు. గీత దగ్గర ఆమెకు అనుమానం లేదు, అది కళ్ళెదుటే నల్లగా ఉంటుంది కాబట్టి. కళ్ళెదుట లేనివాటితోనే ఆమెకు పేచీ. పొద్దున్నే గ్యాస్ పొయ్యి కట్టేసేది. కట్టేశానా అని మళ్ళీ చెయ్యి పెట్టి చూసేది. చూసేటప్పుడు చెయ్యి తగిలి తెరుచుకుందేమో అని ఇంకోసారి. తలుపుకు తాళం వేసి లాగేది, లాగి లాగి దాని ప్రాణం తీసేది. వీధి చివర ఇస్త్రీ బండి దాకా నడిచి మళ్ళీ వెనక్కి పోయేది. బండి దగ్గరి ముసలాయన మొదటిసారి దాటితే లెక్కలోకి తీసుకునేవాడు కాడు, మూడోసారి దాటాకే "పనికి పోతా ఉండావా పాపా?" అని పలకరించేవాడు. షెడ్డుకు నడక పది నిమిషాలు. ఆమె ఏడింటికి బయలుదేరి ఎనిమిదిన్నరకు చేరేది.

షెడ్డులో పటిక కాచుకొని ఉండేది. బొమ్మలో అద్దిన పువ్వుకు మళ్ళీ అద్దేది, అద్దిన వేలిగోరుకు మళ్ళీ అద్దేది. అద్దాక కనబడని పటిక చేతికి అంటుకుందేమో, ఆ చేత్తో తాకిన చోటల్లా మూడు రోజుల తర్వాత ఎర్రటి వేలిముద్రలు లేస్తాయేమో అని మోచేతుల దాకా కడుక్కునేది. ఇరవై మూడేళ్ళ మనిషికి అరవై ఏళ్ళ చేతులు వచ్చాయి. వేళ్ళ సందుల్లో చర్మం పగిలి, పటిక నీళ్ళు తగిలితే మంట. అన్నిటికన్నా ఆమెకు సిగ్గనిపించేది ఇంకొకటి ఉంది. పక్క చాప మీద పనిచేసే చెంగల్రాయుడిని అడక్కుండా ఉండలేకపోవడం.

"చెంగల్రాయన్నా, ఈ కమలానికి పటిక పెట్టినానా?"

"పెట్టినావులే మే."

ఆ మాటతో ప్రాణం కుదుటపడేది. ఎంతసేపు? చేతిలో కాఫీ చల్లారేంతసేపు. మళ్ళీ అడిగేది. పోను పోను చెంగల్రాయుడు తల ఎత్తకుండానే చెప్పడం అలవాటు చేసుకున్నాడు. ఒకసారి "చెంగల్రాయన్నా..." అనేలోపే "పెట్టినావు" అనేశాడు.

"టైమెంతయిందని అడగబోయినా."

"దానికీ పెట్టినావులే."

మునిలత కూడా పడీపడీ నవ్వింది. ఈ అనుమానం నవ్వొచ్చేదని ఆమెకు అందరికన్నా ముందే తెలుసు. తెలిసినంత మాత్రాన అది ఊరుకోలేదు, అదే చిక్కు. తిరుపతిలో ఒక డాక్టరు దానికి ఓసీడీ అని పేరు చెప్పాడు. రాత్రిపూట వేసుకోమని మాత్ర రాసిచ్చాడు. మళ్ళీ చెయ్యాలనిపించినప్పుడు చెయ్యకుండా ఆగి చూడమని కూడా చెప్పాడు. మాత్ర వేసుకోవడం సులువుగానే ఉంది. ఆగి చూడటమే, ఆగితే గదా చూడటానికి!

పోయిన నెల ఆమె ఒక నెమలి కంఠానికి ఏడుసార్లు పటిక అద్దింది. గంగాళంలోంచి తీసేసరికి ఎరుపు గీత దాటి పొంగి, కంఠం మీద ఎవరో తాంబూలం ఉమ్మినట్టు తేలింది. అయ్యవారు ఆ గుడ్డను మడిచి, తన మధ్యాహ్నపు కునుక్కి తలకింద పెట్టుకున్నారు. ఆయన తిట్టి ఉంటే బాగుండేదని మునిలతకు అనిపించింది. ఈ వారం మదనపల్లె కల్యాణమండపం వాళ్ళు చెప్పిన పెద్ద తెర గీత పూర్తయి, పటికకు సిద్ధంగా ఉంది. తెర చుట్టూ అంచులో నలభై రెండు చిలకలు. గోరంత ముక్కులు, నలభై రెండింటికీ ఎరుపు. ఆ ముక్కుల పని అయ్యవారు మునిలతకే అప్పగించారు. ఆదివారం పగలంతా ఆమె ఆ ముక్కుల గురించే ఆలోచించింది. సోమవారం పొద్దున సంచీ సర్దుకొని వచ్చి, పోయేముందు ఆ ఒక్క ప్రశ్న అడిగింది.

"అట్లా కూర్చో పాపా," అన్నారు అయ్యవారు. "నువ్వు ముక్కుకు పటిక పెడతావు. పెట్టినాక ఒకటి వచ్చి పెట్టలేదు అంటాది, అంతే గదా? అది ఎట్లుంటాది?"

మునిలత తెల్లబోయింది. ఇంట్లోవాళ్ళు 'ఏం కాదులే' అన్నారు. తెలిసినవాళ్ళు 'ఈ వయసులో ఇంత చాదస్తమా' అన్నారు. డాక్టరు రోజుకెన్నిసార్లో, ఎంతసేపో అడిగి రాసుకున్నాడు. ఎట్లుంటాది అని, మన వీధిలోకి కొత్తగా దిగినవాళ్ళ గురించి వాకబు చేసినట్టు, ఇంతవరకు ఎవరూ అడగలేదు.

"పెట్టలేదని గట్టిగా అనదయ్యోరూ. పెట్టినావో లేదో, అంటాది."

"గొంతెట్లుంటాది? అరుస్తాదా?"

"లేదు. మెల్లిగానే. చెవి దగ్గర. నా గొంతే."

"పొద్దున్నే వస్తాదా?"

"నాకంటే ముందే లేస్తాది."

"అంత పొద్దున్నే లేసేది వాకిలి ఊడ్చి ముగ్గెయ్యొచ్చు గదా మే," అన్నాడు చెంగల్రాయుడు పక్క చాప మీంచి. అయ్యవారు వాడివైపు చెయ్యి చాపి ఆపారు. ఆయనకు నిజంగానే తెలుసుకోవాలని ఉంది.

"పెట్టినాను, పో, అంటే పోదా?"

"పోదు. ఇంగొక తూరి పెట్టు, ఎందుకైనా మంచిది, అంటాది."

"దేనికి మంచిది?"

"ఎందుకైనా."

"అదేలే. ఆ ఎందుకైనాలో ఒక్క ఎందుకు చెప్పు."

ఇన్నేళ్ళలో మునిలత ఆ మాటకు ఎన్నిసార్లు లోబడిందో లెక్కలేదు. ఒక్కసారైనా ఎదురు అడిగింది లేదు. "అది చెప్పదయ్యోరూ," అంది, తనకే ఆశ్చర్యంగా.

అయ్యవారి ముఖం విప్పారింది. "గట్టిపిండమే! కారణం చెప్పకుండానే నీ చేత ఇన్నేళ్ళు పని చేయించుకునింది. నేను వీడిచేత కారణం చెప్పి కూడా ఒక బాన కడిగించలేకపోతి," అని చెంగల్రాయుడిని చూపించి లేచారు. లోపలికి పోయి, రోజూ తాను కూర్చునే పనసచెక్క పీట తెచ్చి, పెద్దతెర పరిచిన చోట, మునిలత పక్కన వేశారు. ఆమె మొహమాటపడుతూ పీట మీద కూర్చోబోయింది.

"నీకు కాదు. మీ చుట్టానికి."

"నా చుట్టమా?"

"ఎట్లాగూ వస్తాడు గదా! వచ్చినోడు నీ మెడ మీద ఎక్కి కూర్చోకుండా పక్కన కూర్చుంటాడు. మాట్లాడతాడు, మాట్లాడనీ. కాఫీ మాత్రం ఇయ్యొద్దు."

"కాఫీ అంటే?"

"ఇంగొక తూరి పెట్టడం."

మునిలతకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. "డాక్టరు కూడా ఇదే చెప్పినాడయ్యోరూ. ఇంటికాడ నావల్ల కాలేదు."

"ఇంటికాడ పీట ఉందా?"

"లేదు."

"మరి!" అన్నారు అయ్యవారు, డాక్టరు పక్షాన, తన పక్షాన, పీట పక్షాన కలిపి ఒకే మాటగా. "సంచీ ఆ మేకుకు తగిలించు. నీ ప్రశ్నకు జవాబు నా దగ్గర లేదు, గంగాళంలోంచి రావాల. గురువారం గుడ్డ ముంచుతాము. అంతవరకు ఉండి, విని పో. ఒక్కో ముక్కుకు ఒక్కసారే. రేయ్ చెంగల్రాయా, ఈ పాప పెట్టినానా అని అడిగితే పెట్టినావని చెప్పొద్దు."

"మరేం చెప్పాలయ్యోరూ?"

"ఏమో, అను."

రెండేళ్ళుగా ఆటపట్టించినవాడికి అది చాలా చిన్న పనిగా కనబడింది. ఎంత పెద్దదో మధ్యాహ్నంలోపే తెలిసొచ్చింది.

మునిలత సన్నమొన కలం తీసుకుంది. మొన పైన చుట్టిన ఉన్నిని పటిక నీళ్ళలో ముంచి, మెల్లిగా ఒత్తి, మొదటి చిలక ముక్కుకు తాకించింది. ముక్కు ఒక్క క్షణం మెరిసింది. రెండోది, మూడోది. అంతదాకా బాగానే ఉంది. ఎనిమిది దాటి తొమ్మిది మీదికి వంగేసరికి చుట్టం వచ్చాడు. చెప్పాపెట్టకుండా రావడం అతని పద్ధతి. ఎనిమిదోది పెట్టినావో లేదో. ఆమె కళ్ళు వెనక్కి జరిగాయి. షెడ్డు మీద ఎండ, రేకుల వేడి, ఎనిమిదో ముక్కు అప్పుడే ఆరిపోయింది. చూడటానికి ఏమీ లేదు. చిన్నముక్కే, ఒక్కసారి తాకిస్తే ఏం పోతుంది, ఎందుకైనా మంచిది. కలం పట్టుకున్న చెయ్యి దానంతటదే వెనక్కి జరగడం ఆమె చూసింది, వేరేవాళ్ళ చేతిని చూసినట్టు.

"చెంగల్రాయన్నా, ఎనిమిదోది పెట్టినానా?"

చెంగల్రాయుడు నోరు తెరిచాడు. 'పె' అన్న అక్షరం పెదాల మీద ఆగింది. "ఏమో మే," అన్నాడు, తన నోటి అన్నం లాక్కున్నట్టు ముఖం పెట్టి. ఆమె కళ్ళల్లో బెదురు చూసి, లేచి బోరు దగ్గరికి పోయి ఊరికే కాళ్ళు కడుక్కుని వచ్చాడు.

అయ్యవారు ఎదురుగా నేల మీద కూర్చొని ఉన్నారు. పీట పోయింది కదా. "వచ్చినాడా?" అని అడిగారు.

"వచ్చినాడు."

"ఏమంటాడు?"

"ఎనిమిదోది పెట్టినావో లేదో అంటాడు."

"పెట్టినావా?"

"తెలీదయ్యోరూ."

"నాకూ తెలీదు," అన్నారాయన. ఇద్దరూ ఎనిమిదో చిలక వైపు చూశారు. చిలక వాళ్ళవైపు చూడలేదు. "తొమ్మిదోది పెట్టలేదు. అది ఇద్దరికీ తెలుసు గదా?"

"తెలుసు."

"అయితే అది పెట్టు."

ఆమె తొమ్మిదోది పెట్టింది. పెట్టినంత మాత్రాన చుట్టం లేచి పోలేదు. పదోదానిదాకా ఎనిమిదోదాని గురించే మాట్లాడాడు. పన్నెండోదానిదాకా మరీ గట్టిగా మాట్లాడాడు. ఇంత బాధ పడేకన్నా లేచి సంచీ తీసుకొని పోవడం మేలని ఆమెకు అనిపించింది. అయ్యవారు మధ్యమధ్య అడుగుతున్నారు: ఇప్పుడేమంటాడు? ఇంకా అదేనా? గొంతు పెరిగిందా తగ్గిందా? ఆయన జాలిపడటం లేదు, ధైర్యమూ చెప్పడం లేదు. కరక్కాయ నానిందా లేదా అని బానలో వేలు పెట్టి చూసినట్టు చూస్తున్నారు. ఆ చూపు వల్ల ఆమెకూ చూడబుద్ధి అయింది. నిజమే, గొంతు పెరిగిందా? ఇరవయ్యో ముక్కు దగ్గర ఆమె చెవి పెట్టి వింది. చుట్టం ఎనిమిదోదాని మాటే ఎత్తడం లేదు.

"అయ్యోరూ, మాట మార్చినాడు."

"దేనికి?"

"గ్యాస్ పొయ్యి కట్టేసినావో లేదో, అంటాడు."

చెంగల్రాయుడు పగలబడి నవ్వాడు. "ముక్కుల కాడ పని కాలేదని వంటింట్లోకి పోయినాడు మే!" మునిలత కూడా నవ్వింది. నవ్వుతూనే ఇరవై ఒకటోది పెట్టింది.

ఇక్కడితో ఆమె గెలిచిందని చెప్పేస్తే వినేవాళ్ళకు బాగుంటుంది. కానీ మధ్యాహ్నం జరిగింది కూడా చెప్పాలి. అయ్యవారు నెమలి గుడ్డ తలకింద పెట్టుకొని కునుకు తీస్తున్నారు, చెంగల్రాయుడు అన్నానికి పోయాడు. మునిలత సద్ది మూత తీసి, మూత పెట్టి, లేచి వచ్చి, మూడో చిలకకూ నాలుగో చిలకకూ గబగబా మళ్ళీ పటిక అద్దింది. అద్ది తిరిగేసరికి అయ్యవారు కళ్ళు తెరుచుకొని ఉన్నారు.

"కాఫీ ఇచ్చినావా?"

ఆమె తల వంచుకుంది. "ఇచ్చేసినా."

"ఒకటా రెండా?"

"రెండు."

"తాగి పోయినాడా?"

మునిలత పీట వైపు చూసింది. పోలేదు. ఇప్పుడు ఐదోదాని గురించి అడుగుతున్నాడు, ఇంకా దర్జాగా. ఆ మాటే చెప్పింది. అయ్యవారు "అట్లనా!" అని, అదేదో కొత్తగా తెలిసిన ముచ్చటలాగా తల ఊపి, మళ్ళీ కళ్ళు మూసుకున్నారు. మిగిలిన ముక్కుల మీద ఆమె పొద్దు వాలేదాకా పనిచేసింది, ఒక్కోదానికి ఒక్కసారే. చేతులు ఒక్క చెంబు నీళ్ళతో కడుక్కుంది. రెండో చెంబు ముంచింది గానీ, కాసేపు దాన్ని చూసి, షెడ్డు పక్కన బంతిమొక్కకు పోసింది.

మంగళ, బుధవారాలు తెర దండెం మీద ఆరింది. ఆ రెండు రోజులు ముక్కుల పని కన్నా కష్టంగా గడిచాయి. చేతిలో పని లేదు, చుట్టానికి తీరుబడి దొరికింది. ఆమె దండెం కిందికి పోయి నిలబడేది. నలభై రెండు చిలకలూ పాలిపోయిన ముఖాలతో వేలాడుతూ ఉండేవి. ఏ ముక్కులో ఏముందో ఎవరికి తెలుసు! బుధవారం పొద్దున తాళం ఒక్కసారే లాగి బయలుదేరింది. ఇస్త్రీ బండి దాకా వచ్చి నిలబడింది. వెనక్కి పోయింది కూడా. ఒకసారే పోయి, మళ్ళీ వచ్చింది. బండి ముసలాయన లెక్క తప్పి, ఆమె దాటిపోయాక కేకేశాడు: "ఏం పాపా, ఈ పొద్దు తొందరగా పోతా ఉండావే?"

గురువారం స్వర్ణముఖి నదిలో నీళ్ళు లేవు. అది పెద్ద వింతేమీ కాదు. బోరు కింద కాలవ కట్టి తెర ఉతికారు. గంగాళం కింద కట్టెలు మండుతున్నాయి, చిరివేరు మరిగి షెడ్డంతా మట్టివాసన లాంటి తీపివాసన. చెంగల్రాయుడూ మునిలతా రెండు వైపులా గెడకర్రలు పట్టుకొని తెరను మెల్లిగా లోపలికి దించి, తిప్పుతూ, ఎత్తుతూ, దించుతూ ఉన్నారు. మొదట అంతా బురదరంగు. తర్వాత ఆవిరిలోంచి అక్కడొకటి, ఇక్కడొకటి, చీరల అంచులు, పెళ్ళికూతురి పాదాలు, ఎర్రబడటం మొదలైంది. మునిలత గెడకర్ర పట్టుకుందే గానీ తెరను చూడటం లేదు. మేకుకు వేలాడుతున్న సంచీని చూస్తోంది. ఇంకో గంటలో ఆ సంచీ తన భుజాన ఉంటుందో, మేకునే ఉంటుందో తేలిపోతుంది.

తెరను తీసి, నీళ్ళలో జాడించి, వాకిట్లో ఎండలో పరిచారు. అయ్యవారు గొంతుక్కూర్చొని చిలకల వెంట పాకుతూ పోయారు. ఎనిమిదో చిలక దగ్గర ఆగారు. ముక్కు పండు మిరపకాయలా ఎర్రగా, కుదురుగా ఉంది. మూడోదీ నాలుగోదీ మాత్రం గీత దాటి పొంగాయి. జలుబు చేసి చీదీ చీదీ వాచిన ముక్కుల్లా ఉన్నాయి. ఐదోది మామూలుగానే ఉంది. పది, పదిహేను, ఇరవై. అన్నీ ఎరుపే. మునిలత ఊపిరి కొంచెం కొంచెంగా వదులుతోంది. అప్పుడు చెంగల్రాయుడు తెర అవతలి మూల నుంచి కేక పెట్టాడు.

"ఇదేంది మే! ఈ చిలక ముక్కు కడుక్కొని వచ్చింది!"

ఇరవై ఏడో చిలక. ముక్కు తెల్లగా ఉంది. గీత ఉంది, రూపం ఉంది, ఎరుపు లేదు. ఆ ముక్కుకు మునిలత పటిక పెట్టనే లేదు.

ఆమె దాని దగ్గరికి పోయి మోకాళ్ళ మీద కూర్చుంది. రెండేళ్ళుగా, కాదు, బుద్ధి తెలిసినప్పటి నుంచీ, ఏది జరుగుతుందేమోనని వెయ్యిసార్లు వెనక్కి తిరిగి చూసిందో అది జరిగింది. ఇదిగో, ఎండలో, చిటికెనవేలి గోరంత. ఏదో విరుచుకుపడుతుందని ఆమె కాచుకుంది. బోరు నీళ్ళు కాలవలో పోతూనే ఉన్నాయి. గంగాళం కింద కట్టె ఒకటి చిటపటమంది. తెల్లముక్కు చిలక పక్కచిలక వైపు తిరిగి, తన మానాన తాను మాట్లాడుతున్నట్టే ఉంది. అప్పుడు మునిలతకు ఇంకొకటి తట్టింది.

"అయ్యోరూ, దీని గురించి ఒక్క మాటా అనలేదు!"

"ఎవరు?"

"చుట్టం. ఎనిమిదోది అన్నాడు, మూడు అన్నాడు, నాలుగన్నాడు, ఐదన్నాడు. పొయ్యి అన్నాడు, తాళం అన్నాడు. మూడు రోజులు వాగినాడు. ఇరవై ఏడు అని ఒక్క తూరి కూడా అనలేదు."

అయ్యవారు కలం తిరగేశారు. ఈసారి తల గోక్కున్నారు, చాలాసేపు. ఆయనకు ఇది నిజంగా నచ్చింది. "పాపం, వాడికీ తెలీదేమో," అన్నారు.

చెంగల్రాయుడు ఈ మాటలేవీ వినడం లేదు. వాడి దిగులంతా మదనపల్లె వాళ్ళ గురించి. తెల్లముక్కు మీద వేలు పెట్టి, అటు చూసి ఇటు చూసి, గొంతు తగ్గించి అన్నాడు: "ఇంగొక తూరి పటిక అద్ది, ఈ మూల ఒక్కటే మళ్ళీ ముంచేద్దామా అయ్యోరూ? ఎందుకైనా మంచిది."

మాట నోట్లోంచి వచ్చాక గానీ తాను ఏమన్నాడో వాడికి తెలియలేదు. నాలిక కరుచుకున్నాడు. మునిలత వాడిని చూసింది, షెడ్డులో ఖాళీగా ఉన్న పీటను చూసింది. లేచి లోపలికి పోయింది. పోయిన మనిషి సంచీ దగ్గర ఆగింది. ఆమె సంచీలోంచి కలాలు ఒక్కొక్కటే తీసి, గోడవారన తన ముంతలో గుచ్చింది. ఐదు. ఐదేనా అని మళ్ళీ చూడబోయి, చూడకుండా బయటికి వచ్చింది.

"అయ్యోరూ, రెక్కలకు పసుపు ఎప్పుడు పెట్టాల?"

"పాలలో ముంచి ఆరబెట్టినాక. రేపు," అన్నారు అయ్యవారు. తర్వాత చెంగల్రాయుడి వైపు తిరిగి, తెల్లముక్కు మీదున్న వాడి వేలిని మెల్లిగా తీసి పక్కన పెట్టారు.

"దాన్ని అట్లే ఉండనీరా. ఎందుకైనా మంచిది."